హంపి "ప్రపంచ ఛాంపియన్" అవునా, కాదా? మా బావతో బిర్యానీ పందెం

కృష్ణాతీరం | 2025 ఆగస్టు 2, రాత్రి 9:12

పెద్దలూ, ఒక పంచాయితీ తీర్చాలి. జార్జియా దేశంలోని బటూమిలో మహిళల చెస్ ప్రపంచ కప్ ఫైనల్ అయిన రోజు నుంచి మా ఇంట్లో భోజనాల దగ్గర ఇదే గొడవ. దివ్య దేశ్‌ముఖ్ గెలిచింది, సంతోషమే. కానీ ఫైనల్లో మన గుడివాడ కోనేరు హంపి ఓడిపోయేసరికి నాకు ఆ రాత్రి అన్నం సయించలేదు. మాది గుడివాడ పక్కన పల్లెటూరు మరి. "పోనీలే, రెండుసార్లు ప్రపంచ ఛాంపియన్ అయింది కదా" అని నాకు నేనే సర్దిచెప్పుకుంటుంటే మా బావ అందుకున్నాడు. "ఎప్పుడయింది? అది రాపిడ్. టీ20 కప్పు కొట్టి టెస్టుల్లో మొనగాణ్ణి అన్నట్టుంది నీ వరస" అన్నాడు. ఆయనకి చెస్ రాదు, క్రికెట్టే చూస్తాడు. అయినా నా నోట మాట రాలేదు. పందెం ఒక బిర్యానీ. చెప్పండి, ఎవరిది రైటు?

నల్లగడి | రాత్రి 9:31

బావగారిదే రైటు. బిర్యానీ కొనెయ్యండి.

ఎండ్‌గేమ్ పిచ్చోడు | రాత్రి 10:05

అంత తొందరెందుకు నల్లగడీ. క్లాసికల్ (గంటల తరబడి సాగేది), రాపిడ్ (తక్కువ టైమ్‌తో ఆడేది), బ్లిట్జ్ (కొద్ది నిమిషాల్లో అయ్యేది) మూడింటికీ ప్రపంచ ఛాంపియన్‌షిప్ పెట్టేది ఫిడేనే, అంటే ప్రపంచ చెస్ సమాఖ్య. కాబట్టి హంపి రెండుసార్లు ప్రపంచ రాపిడ్ ఛాంపియన్, అందులో అనుమానం లేదు. 2019లో మాస్కో, 2024లో న్యూయార్క్. మహిళల్లో ఈ టైటిల్ ఒకటికన్నా ఎక్కువసార్లు గెలిచింది అప్పటికి చైనా జు వెన్‌జున్ ఒక్కతే, తర్వాత మన హంపి. కానీ ముందు ఏ మాటా తగిలించకుండా ఉత్తినే "ప్రపంచ ఛాంపియన్" అంటే మాత్రం క్లాసికలే. అంటే సగం బిర్యానీ మీది, సగం బావది.

మాస్కో సంగతి కొంచెం చెప్పాలి, ఎందుకంటే అది నేను లైవ్‌లో చూశాను. 12 రౌండ్లు అయ్యేసరికి ముగ్గురికి 9 పాయింట్లు. సమానంగా ఉన్నవాళ్ళని విడదీసే టైబ్రేక్ లెక్కల్లో టర్కీ అతాలిక్ వెనకబడింది, హంపి, చైనా లీ టింగ్‌జీ మిగిలారు. ఇద్దరికీ రెండు బ్లిట్జ్ గేమ్‌లు. మొదటిది హంపి పోగొట్టుకుంది. రెండోది గెలిచి తీరాలి, గెలిచింది. తర్వాత ఆర్మగెడాన్. అందులో తెల్లకి టైమ్ ఎక్కువిస్తారు, నల్లకి డ్రా చాలు. హంపికి నల్ల వచ్చింది, డ్రా చేసింది, కప్పు ఎత్తింది. కూతురు పుట్టిన రెండేళ్ళకి! అంతకుముందు 2016 నుంచి 2018 దాకా బోర్డు ముట్టనే లేదు.

డాలస్ బంటు | రాత్రి 10:22

న్యూయార్క్ టోర్నీ అంటే నార్వే కార్ల్‌సన్ జీన్స్ ప్యాంటు వేసుకొచ్చాడని గొడవ జరిగిందే, అదే కదా? మా ఆఫీసులో అందరికీ ఆ ప్యాంటే గుర్తుంది. అదే హాల్లో ఒక గుడివాడ అమ్మాయి గెలిచిందంటే "అలాగా" అన్నారు.

ఎండ్‌గేమ్ పిచ్చోడు | రాత్రి 10:30

అదే. పైగా ఆవిడ మొదటి రౌండే ఓడిపోయింది. 11 రౌండ్ల టోర్నీలో మొదటిదే పోతే చాలామంది ఇక రేటింగ్ (ఆట బలం చెప్పే అంకె) కాపాడుకుంటే చాలనుకుంటారు. హంపి 8.5 పాయింట్లతో ఒంటరిగా పైన నిలిచింది. చివరి రౌండ్లో ఇండోనేషియా సుకందర్ మీద నల్లపావులతో గెలిచింది. వెనకాల 8 పాయింట్లతో అరడజను మంది. డ్రా చేసుంటే అందరితో కలిసి క్యూలో నిలబడేది.

నల్లగడి | రాత్రి 10:51

అభిమానం వేరు, లెక్క వేరు. నేనూ హంపి ఆటని ఇష్టపడేవాణ్ణే. కానీ క్లాసికల్‌లో నాకౌట్ ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లు చూడండి: 2004లో సెమీస్, 2008లో సెమీస్, 2010లో సెమీస్. 2011లో టిరానాలో చైనా హౌ యిఫాన్‌తో టైటిల్ మ్యాచ్, పది గేమ్‌లు అనుకున్నది ఎనిమిదింట్లోనే 5.5-2.5తో అయిపోయింది. ఒక్క గేమ్ కూడా గెలవలేదు. తర్వాత ఇంకెప్పుడూ క్లాసికల్ టైటిల్ మ్యాచ్ ఆడలేదు. 2009లో 2623 రేటింగ్ ఉన్న మనిషికి ఇది తక్కువే. 2600 దాటిన రెండో మహిళ ఆవిడ, ముందున్నది హంగరీ జూడిత్ పోల్గార్ ఒక్కతే. ఆ స్థాయికి కనీసం ఒక్క కిరీటమైనా ఉండాలి కదా.

ఎండ్‌గేమ్ పిచ్చోడు | రాత్రి 11:14

నువ్వు చెప్పిన అంకెలన్నీ నిజమే. కానీ ఒక పేరు మీద వేలు పెట్టి చూడు. 2008లో నల్చిక్ సెమీస్‌లో ఆపింది హౌ యిఫాన్. 2010లో అంటాక్యా సెమీస్‌లో ఆపిందీ హౌ యిఫానే. 2011లోనూ ఆ పిల్లే. మొదటిసారి ఆపినప్పుడు ఆమెకి 14 ఏళ్ళు! చిన్న వయసులో గ్రాండ్‌మాస్టరైన (చెస్‌లో అన్నిటికన్నా పెద్ద టైటిల్) మహిళగా హంపి పేరున ఉన్న రికార్డు కూడా 2008లోనే ఆ అమ్మాయి పట్టుకుపోయింది. ఇంకో తరంలో పుట్టుంటే ఈ చర్చే ఉండేది కాదు.

కృష్ణాతీరం | రాత్రి 11:20

అంటే జాతకంలో హౌ యిఫాన్ దోషం అంటారు.

ఆర్బిటర్ తాతయ్య | 2025 ఆగస్టు 3, ఉదయం 6:08

అందరికీ నమస్కారం. పొద్దున కాఫీ తాగుతూ చదివాను. ఆ రికార్డు ఊసు వచ్చింది కాబట్టి కొంచెం చెబుతాను.

హంపికి గ్రాండ్‌మాస్టర్ టైటిల్ 2002 మేలో వచ్చింది, బుడాపెస్ట్‌లో. వయసు 15 ఏళ్ళ 1 నెల 27 రోజులు. అంతకుముందున్న రికార్డు జూడిత్ పోల్గార్‌ది, మూడు నెలలు ఎక్కువ. పోల్గార్ పుట్టి పెరిగింది ఆ బుడాపెస్ట్‌లోనే. ఆమె ఊరికి వెళ్ళి ఆమె రికార్డు బద్దలు కొట్టి వచ్చింది మన పిల్ల.

ఇంకో సంగతి. వాళ్ళ నాన్నగారు అశోక్ కెమిస్ట్రీ పాఠాలు చెప్పుకునే ఉద్యోగం వదిలేసి కూతురికి కోచ్‌గా కూర్చున్నారు. 'ఛాంపియన్' అనే మాటలోంచి 'హంపి' అని పేరు తీసి పెట్టింది కూడా ఆయనే. ఇంగ్లీషు స్పెల్లింగ్ రష్యన్ పేరులా కనబడాలని తర్వాత మార్చారు. 2006లో ఆయనకి ద్రోణాచార్య అవార్డు వచ్చింది. నిలకడైన జీతం వదులుకోవాలంటే ఆ రోజుల్లో ఇంట్లో ఎన్ని మాటలు పడాలో నా వయసు వాళ్ళకి తెలుసు. మా అబ్బాయిని నేను ఇంజినీరింగ్‌కి పంపాను. వాడూ బాగానే ఆడేవాడు.

టిఫిన్ డబ్బా అమ్మ | ఉదయం 7:40

తాతయ్యగారూ నమస్తే. నాకు ఆట రాదండీ, మా పాప ఆడుతుంది, అండర్-9. మీరంతా హంపి ఏం గెలవలేదు అన్నది లెక్క వేస్తున్నారు. నాకైతే ఆవిడ తిరిగి రావడమే పెద్దగా కనబడుతుంది. 2017లో పాప పుట్టింది, 2018లో దేశాల జట్లు ఆడే ఒలింపియాడ్‌కి వెళ్ళింది. అది కూడా బటూమిలోనే అట. మొన్న ఫైనల్ ఆడిన ఊరే. నేను డెలివరీ తర్వాత స్కూటీ తీయడానికే ఏడాది పట్టింది.

ఒక డౌటు. గ్రాండ్‌మాస్టర్ వేరు, మహిళా గ్రాండ్‌మాస్టర్ వేరా? మా అపార్ట్‌మెంట్‌లో ఒకావిడ రెండూ ఒకటే అంటుంది.

ఆర్బిటర్ తాతయ్య | ఉదయం 8:15

వేరమ్మా, చాలా తేడా ఉంది. గ్రాండ్‌మాస్టర్ అంటే ఆడా మగా అందరికీ ఒకటే కొలత. రేటింగ్ ఒక్కసారైనా 2500 తాకాలి, మూడు నార్మ్‌లు సాధించాలి. నార్మ్ అంటే ఒక టోర్నీలో తగినంతమంది గ్రాండ్‌మాస్టర్లతో, విదేశీ ఆటగాళ్ళతో ఆడి 2600 స్థాయి ప్రదర్శన చూపించడం. మహిళా గ్రాండ్‌మాస్టర్‌కి 2300 చాలు. 'మహిళా' అన్న మాట లేని అసలు టైటిల్ మన దేశంలో నలుగురు అమ్మాయిలకే ఉంది: 2002లో హంపి, 2011లో హారిక, 2023లో వైశాలి, మొన్న దివ్య. దివ్యకి ప్రపంచ కప్ గెలిచినందుకు నార్మ్‌లతో పని లేకుండా నేరుగా ఇచ్చారు. దేశంలో 88వ గ్రాండ్‌మాస్టర్.

మొదటి ఇద్దరూ మన కృష్ణా, గుంటూరు జిల్లాల పిల్లలే. ఇద్దరికీ మధ్య తొమ్మిదేళ్ళు. మూడో అమ్మాయి రావడానికి ఇంకో పన్నెండేళ్ళు.

గుంటూరు కారం | ఉదయం 9:02

హమ్మయ్య, ఒకరన్నా హారిక పేరెత్తారు! ఎప్పుడూ హంపి, హంపి. మా గుంటూరు పిల్ల ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో మూడు కంచు పతకాలు తెచ్చింది: 2012 ఖాంతీ మాన్సీస్క్, 2015 సోచి, 2017 టెహ్రాన్. మూడుసార్లూ సెమీస్‌లోనే ఆగింది. టెహ్రాన్‌లో తాన్ ఝోంగ్‌యితో ఆర్మగెడాన్ దాకా లాక్కెళ్ళింది. ఆ తాన్ ఝోంగ్‌యే ఆ ఏడాది ఛాంపియన్.

2022 చెన్నై ఒలింపియాడ్ గుర్తుందా? నిండు చూలాలు. తొమ్మిదో నెల కడుపుతో వచ్చి కూర్చుంది. చివరి రోజు దాకా మనమే ముందున్నాం, ఆఖరి రౌండ్లో అమెరికా చేతిలో 3-1తో పోయి కంచుతో సరిపెట్టుకున్నాం. పతకం తీసుకుంది, అదే నెలలో పాపాయి పుట్టింది.

టిఫిన్ డబ్బా అమ్మ | ఉదయం 9:10

అయ్య బాబోయ్. ఆ నెలలో నేను కుర్చీలో అరగంట కూర్చోలేకపోయాను. నాలుగైదు గంటల గేమ్‌లా!

నల్లగడి | ఉదయం 9:48

సరే, హారిక మాట వచ్చింది కాబట్టి ఒక చేదు మాట. 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో మన అమ్మాయిలు మొదటిసారి బంగారం కొట్టారు. ఆ జట్టులో హంపి లేదు. అన్నేళ్ళు జట్టుకి ముందు నిలబడి మొదటి బోర్డు మోసిన మనిషి, పంట ఇంటికొచ్చిన రోజున పొలంలో లేదు. కెరీర్ లెక్క రాసేటప్పుడు ఆ గడి ఖాళీగానే ఉంటుంది.

గుంటూరు కారం | ఉదయం 10:05

ఆ గడిలో హారిక కూర్చుంది కదా! 2004లో 13 ఏళ్ళ పిల్లగా మొదటి ఒలింపియాడ్ ఆడింది, బంగారం చూడ్డానికి 20 ఏళ్ళు పట్టింది. నిజం చెప్పాలంటే బుడాపెస్ట్‌లో తన ఆట అంత బాగా సాగలేదు. మధ్యలో పాయింట్లు చాలా పోయాయి. కానీ చివరి రౌండ్లో అజర్‌బైజాన్ మీద మొదటి బోర్డులో గెలిచింది. 3.5-0.5. ఆ ఒక్క గేమ్ చాలు నాకు.

వరంగల్ గుర్రం | ఉదయం 11:26

అన్నలూ, మా ఇరిగేశి అర్జున్ గురించి ఒక్కరన్నా మాట్లాడరేంది? 2003లో వరంగల్‌ల పుట్టిండు, పెరిగింది హనుమకొండల. 14 ఏళ్ళకే గ్రాండ్‌మాస్టర్, దేశంలో 54వ వాడు. 2024 డిసెంబర్ లిస్టుల రేటింగ్ 2801. ఆనంద్ తర్వాత 2800 దాటిన భారతీయుడు మావోడే. బుడాపెస్ట్‌ల మూడో బోర్డు మీద 11కి 10 పాయింట్లు! జట్టు బంగారం కాక సొంత బంగారం వేరే.

ఎండ్‌గేమ్ పిచ్చోడు | ఉదయం 11:50

అర్జున్ సంగతి తలుచుకుంటే నాకు ఒక టోర్నీ గుర్తొస్తుంది. 2023 డిసెంబర్, చెన్నై గ్రాండ్‌మాస్టర్స్. ఏడు రౌండ్లు. గుకేశ్, అర్జున్ ఇద్దరూ 4.5. టైబ్రేక్ లెక్కలో గుకేశ్ ముందున్నాడు. ఆ పాయింట్లతో గుకేశ్‌కి క్యాండిడేట్స్‌కి (ప్రపంచ ఛాంపియన్‌తో ఎవరు ఆడాలో తేల్చే టోర్నీ) దారి దొరికింది. టొరంటోలో క్యాండిడేట్స్ గెలిచాడు. ఏడాది తిరక్కుండా, 2024 డిసెంబర్ 12న, సింగపూర్‌లో అప్పటి ఛాంపియన్, చైనా డింగ్ లిరెన్‌ని 7.5-6.5తో ఓడించి 18 ఏళ్ళకే ప్రపంచ ఛాంపియన్ అయ్యాడు. పద్నాలుగో గేమ్ డ్రా అవుతుందని అందరూ లేచిపోతున్నారు, డింగ్ పొరపాటున ఏనుగుని ఎఫ్2 గడి మీద పెట్టాడు, అంతే. గుకేశ్ ముందు బోర్డు వంక చూశాడు, నీళ్ళ సీసా అందుకున్నాడు, కుర్చీలో సర్దుకున్నాడు. ముఖం దాచుకోలేకపోయాడు పాపం.

అర్జున్ అదే ఏడాది 2800 దాటాడు, కానీ ఆ క్యాండిడేట్స్ హాల్లో అడుగుపెట్టలేదు. చెన్నైలో ఆ టైబ్రేక్ ఇటు తిరిగుంటే ఏమయ్యేదో!

డాలస్ బంటు | మధ్యాహ్నం 12:14

గుకేశ్ కూడా తెలుగువాడే కదా, దొమ్మరాజు గుకేశ్...

మోడరేటర్ | మధ్యాహ్నం 12:16

ఆగండి. గుకేశ్ గెలిచాక ఆంధ్ర, తమిళనాడు ముఖ్యమంత్రులిద్దరూ అభినందనలు చెప్పిన రోజున ఈ వేదికలో 400 కామెంట్లు పడ్డాయి, సగం నేను చెరిపేశాను. ఇంట్లో తెలుగు మాట్లాడతారు, పుట్టింది పెరిగింది చెన్నైలో, ఆడింది ఇండియాకి. ఇక్కడితో ఆ దారం తెంపేస్తున్నాను.

డాలస్ బంటు | మధ్యాహ్నం 12:19

చిత్తం.

ఆర్బిటర్ తాతయ్య | మధ్యాహ్నం 2:40

మీ అందరికీ ఒక పేరు గుర్తు చేయాలి. పెంటల హరికృష్ణ, మన గుంటూరు అబ్బాయే. 2001లో గ్రాండ్‌మాస్టరయ్యాడు, అప్పటికి దేశంలో అందరికన్నా చిన్నవాడు. 2004లో కొచ్చిలో ప్రపంచ జూనియర్ ఛాంపియన్. 2016లో ప్రపంచంలో పదో ర్యాంకు, రేటింగ్ 2770. ఆ రోజుల్లో ఆనంద్ గారి నీడలో ఎవరు నిలబడ్డా కనబడేవారు కాదు. ఇప్పుడు పిల్లల వెలుగులో కనబడటం లేదు.

బుడాపెస్ట్ బంగారు జట్టులో ఐదో ఆటగాడిగా ఉన్నాడు. 38 ఏళ్ళు. ఎక్కువ రౌండ్లు బెంచీ మీదే. తర్వాత సింగపూర్ మ్యాచ్‌కి గుకేశ్ సహాయకుల బృందంలో పనిచేశాడు. అంటే రాత్రిళ్ళు కూర్చుని ఓపెనింగ్‌లు (ఆట మొదట్లో వేసే ఎత్తులు) వెతికిపెట్టడం, పొద్దున వేరేవాడు వెళ్ళి ఆడటం. ఒకప్పటి టాప్ టెన్ ఆటగాడు ఆ పనికి ఒప్పుకోవడం నాకు చాలా నచ్చింది.

నల్లగడి | మధ్యాహ్నం 3:05

మాస్టారూ, హరికృష్ణ విషయంలో మీతో వాదన లేదు. తల వంచుతాను.

కానీ హంపి దగ్గరికే వస్తాను. నిన్నటి నుంచి మళ్ళీ మళ్ళీ చూస్తున్నాను బటూమి గేమ్‌లు. సెమీస్ ఎవరితో అనుకున్నారు? లీ టింగ్‌జీ. 2019 మాస్కోలో ఎండ్‌గేమ్ పిచ్చోడు చెప్పాడే, ఆవిడే. క్లాసికల్ రెండూ డ్రా. రాపిడ్ రెండూ డ్రా. తర్వాత పది నిమిషాల గేమ్‌లలో మొదటిది హంపి ఓడింది. రెండోది గెలిచి తీరాలి, గెలిచింది. ఇక బ్లిట్జ్ రెండింటికి రెండూ లాగేసింది. మొత్తం 5-3. మాస్కోలో ఏ వరసో ఇక్కడా అదే వరస: మొదట పడటం, లేవడం, అవతలివాళ్ళ కన్నా ఒక్క గేమ్ ఎక్కువ నిలబడటం. 32 ఏళ్ళప్పుడు చేసింది 38కీ చేసింది. నిన్న నేను "తక్కువే" అని రాసిన మాట కొంచెం దురుసుగా అనిపిస్తోంది. వెనక్కి మాత్రం తీసుకోను.

ఎండ్‌గేమ్ పిచ్చోడు | మధ్యాహ్నం 3:21

నల్లగడి మెత్తబడ్డాడు, తేదీ రాసిపెట్టుకోండి.

ఫైనల్లో దివ్యకి 19, హంపికి 38. సరిగ్గా సగం. హంపి గ్రాండ్‌మాస్టర్ అయ్యేనాటికి దివ్య పుట్టనేలేదు, ఇంకా మూడేళ్ళుంది. అదీ క్లాసికల్ రెండూ డ్రా అయ్యాక హంపి రెండో రాపిడ్ గేమ్‌లో, టైమ్ అయిపోతూ తడబడి, పోగొట్టుకుంది. ఇంకోటి చూశారా? దివ్య క్వార్టర్స్‌లో ఓడించింది హారికని. మన ఇద్దర్నీ దాటుకునే వెళ్ళింది ఆ పిల్ల. గురుదక్షిణ లేకుండా పాఠం నేర్చుకోవడం అంటే ఇదే.

గుంటూరు కారం | మధ్యాహ్నం 3:30

పుండు మీద కారం చల్లకు బాబూ. ఆ పని నాది.

టిఫిన్ డబ్బా అమ్మ | సాయంత్రం 5:55

ఇప్పుడే టోర్నమెంట్ నుంచి వచ్చాం. జిల్లా స్థాయిదే, ఒక ఫంక్షన్ హాల్లో పెట్టారు. పిల్లల్ని లోపలికి పంపి తలుపులు మూసేస్తారు, మేమంతా మెట్ల మీద. ఎవరి చేతిలో చూసినా ఒక డబ్బా, ఒక స్వెట్టర్, ఒక లెక్కల పుస్తకం, ఎందుకంటే మర్నాడు స్కూల్లో పరీక్ష. మా స్కూలువాళ్ళు టోర్నీలకి సెలవివ్వరు, "గేమ్సా, చదువా తేల్చుకోండి" అంటారు. నిజానికి ఈ నెలతో మానిపించేద్దామనుకున్నా.

మూడో రౌండ్ ఓడి పాప ఏడుస్తూ బయటికొచ్చింది. డబ్బా తీసి రెండు ఇడ్లీ పెట్టి, మీ కబుర్లన్నీ కలిపి కథలా చెప్పాను. గుడివాడలో ఒక అమ్మాయి ఉండేది, వాళ్ళ నాన్న ఉద్యోగం మానేశాడు, న్యూయార్క్‌లో మొదటి రౌండే ఓడిపోయింది అని. "తర్వాత?" అంది. తర్వాత గెలిచిందని చెప్పాను. "నాకు ఇంకా రెండు రౌండ్లున్నాయి కదా" అని మూతి తుడుచుకుని వెళ్ళింది. నాలుగోదీ ఓడిపోయిందండీ. ఐదోది గెలిచింది.

ఆర్బిటర్ తాతయ్య | సాయంత్రం 6:20

ఐదుకి ఎన్ని వచ్చాయమ్మా?

టిఫిన్ డబ్బా అమ్మ | సాయంత్రం 6:24

రెండున్నర.

ఆర్బిటర్ తాతయ్య | సాయంత్రం 6:31

సగం. ఆ వయసుకి బాగానే ఉంది. ఓడిన రెండు గేమ్‌లు కాగితం మీద రాసుకుందా? రాపిడ్‌లో రాయనక్కర్లేదు కానీ గుర్తున్నంత వరకు రాయించండి. ఇక్కడ పెట్టండి, నేను చూస్తాను. మంత్రి, శకటు, ఏనుగు అని తెలుగులో రాసినా పర్వాలేదు, నాకు అలాగే అలవాటు.

కృష్ణాతీరం | రాత్రి 8:47

పంచాయితీ రిపోర్టు. బావకి మొత్తం చదివి వినిపించాను. రాపిడ్ ఛాంపియన్ అన్నంత వరకు ఒప్పుకున్నాడు. "సగం బిర్యానీ ఎలా కొంటారు?" అని అడిగాడు. సింగిల్ తెచ్చుకుని ఇద్దరం తిన్నాం, లెగ్ పీసు ఆయనే లాగేశాడు. చేతులు కడుక్కుంటూ మెల్లగా అడిగాడు, "ఆ ఆర్మగెడాన్ అన్నావే, డ్రా అయితే నల్లవాడు గెలిచినట్టా? ఇదేం న్యాయం?" అని.

ఇప్పుడు బోర్డు తీశాను. గుర్రం ఎలా నడుస్తుందో నాలుగోసారి చెబుతున్నాను.